కృత్తిక నాటి కిస్తు

ఆదిమూలం రాత్రి ఎనిమిదిన్నర బండి దిగి ఇంటికి వచ్చేసరికి గడప పక్కన వేన్నీళ్ళ బకెట్టు సిద్ధంగా ఉండాలి. అందులో గుప్పెడు కల్లుప్పు. ఆయన చెప్పులు విడిచి, పంచె మోకాళ్ళ దాకా మడిచి, రెండు కాళ్ళూ నీళ్ళలో పెట్టి, కళ్ళు మూసుకుని "అమ్మయ్య" అనేవాడు. ఆ మాట తర్వాత పావుగంట సేపు ఆయన్ని ఎవరూ పలకరించకూడదు. కోడలిగా ఆ ఇంటికి వచ్చాక దేవసేన నేర్చుకున్న మొదటి సంగతి అదే.

తిరువళ్ళూరు బజారు వీధిలో శివరామయ్యగారి బట్టల కొట్టులో ఆయన సేల్స్‌మన్. ముప్ఫై ఒక్క ఏళ్ళుగా అదే కొట్టు. మొదటి ఇరవై మూడేళ్ళు తెల్లటి పరుపు మీద కూర్చుని చీరలు విప్పి చూపించాడు. తర్వాత మొదలాళి, అంటే యజమాని శివరామయ్య, మద్రాసు కొట్లు చూసొచ్చి, పరుపులు తీయించి, అద్దాల కౌంటర్లు పెట్టించాడు. కొనేవాళ్ళకు స్టూళ్ళు వచ్చాయి. అమ్మేవాళ్ళు లేచి నిలబడ్డారు. ఆ ఎనిమిదేళ్ళలో ఆదిమూలం పిక్కల మీద నరాలు నీలంగా ముడులు పడ్డాయి. ఇల్లు తిరుత్తణిలో. అక్కడ పొద్దున ఏడింటి రైలు బండి ఎక్కితే మళ్ళీ రాత్రే రావడం. ఆయనకిప్పుడు అరవై ఒకటి.

దేవసేనకు ఇరవై రెండు. నగరి పిల్ల, బి.ఎస్సీ. లెక్కలు చదివింది. అరవ నెలల లెక్కన వైకాసిలో పెళ్ళయింది, కొత్తకోడళ్ళు అత్తింట ఉండకూడని ఆడి నెలంతా పుట్టింట్లో ఉంచారు, ఆవణి పుట్టగానే మొగుడు దామోదరం వెళ్ళి తీసుకొచ్చాడు. అందుకని ఆమెకు రెండోసారి కొత్తకాపురానికి వచ్చినట్టుగా ఉంది. వంటింటి కిటికీలోంచి సుబ్రహ్మణ్యస్వామి కొండ కనపడటం ఆమెకు సంతోషం. తాలూకాఫీసు నుంచి దామోదరం సైకిలు గంట రెండుసార్లు కొట్టుకుంటూ రావడం సంతోషం. సాయంత్రాలు బస్టాండు దాకా నడిచి, బోర్డుల మీది అరవ అక్షరాలు అతను చెబుతుంటే కూడబలుక్కుని చదవడం ఇంకా సంతోషం.

"తిరుత్తణి వల్లమ్మ ఊరు. నువ్వేమో స్వామి పెద్దభార్య పేరు పెట్టుకుని వచ్చినావు. ఊళ్ళో గొడవలైపోతాయి చూడు," అని అతను ఏడిపించేవాడు.

"అయితే రెండో ఆమెను చూసుకో బావా, నేను నగరి బస్సెక్కతా," అనేది దేవసేన. మల్లెల మూర కొనిచ్చేదాకా మాట్లాడేది కాదు. కొనిచ్చాక దారంతా అదే పనిగా మాట్లాడేది.

ఇంట్లో అందరూ దీపావళి కోసం ఎదురుచూస్తున్నారు. పండగ వ్యాపారం కాగానే ఆదిమూలం కొట్టు మానేస్తాడు. మానేసే రోజున మొదలాళి ఆరు వేలు ఇస్తానన్నాడు. ఇంటి మీద అప్పు కూడా ఆరు వేలే మిగిలింది. దానికీ దీనికీ సరి. ఆ తర్వాత ఆయన తన ఇంట్లో, తన వసారాలో, కాళ్ళు చాపుకుని కూర్చుంటాడు. ఆయన భార్య వరదమ్మ ఈ మాట పాలమనిషి కుప్పమ్మకు కూడా చెప్పింది.

"కూర్చుని ఏం చేస్తావు మామా?" అని దేవసేన అడిగింది ఒకసారి.

"ఏం చేస్తానా? కూచుంటా," అన్నాడు ఆదిమూలం. అంతకు మించి ఆయనకు కోరిక లేదు.

* * *

ఆవణి కృత్తిక నాడు ఆయన మధ్యాహ్నం దాకా కొట్టుకు సెలవు పెట్టాడు. ప్రతి నెలా అంతే. ఆ ఇంటికి పునాది వేసింది కృత్తిక నాడు. అప్పటి నుంచి ఇంటి తాలూకు డబ్బు ఏదైనా సుబ్రహ్మణ్యస్వామి నక్షత్రం నాడే చేయి దాటాలని ఆయన నియమం. పన్నెండేళ్ళుగా ఇళ్ళ సొసైటీకి నెలకు నూట ముప్ఫై అయిదు రూపాయల కిస్తు ఆ రోజునే కడుతున్నాడు. ఏ నెలా తప్పలేదు. వరదమ్మకు టైఫాయిడ్ వచ్చిన నెలలో కూడా తప్పలేదు. కొడుకు ఉద్యోగంలో చేరాక నేను కడతానన్నా ఒప్పుకోలేదు.

"అమ్మా దేవసేనా, నువ్వూ రా," అన్నాడు ఆ పొద్దున. "లెక్కల పిల్లవి కదా. ఆరు వేలకి పైన ఎన్ని పైసలు ఉండాదో రాయించుకుని వద్దాం. ఈ రోజే మొదలాళికి ఖాయంగా చెప్పేస్తా. ఆవణి మంచి నెల, దాటితే పురట్టాసి, ఏ మంచి పనికీ పనికిరాదు."

దేవసేన పెళ్ళి చీరల్లో రెండో మంచిది కట్టుకుని బయలుదేరింది. మామగారితో కలిసి ఒక పని మీద వెళ్ళడం ఆమెకు గొప్పగా ఉంది. కావడులు మోసుకుంటూ కొండకు పోయే వాళ్ళు వీధి నిండా ఉన్నారు. ఆదిమూలం మెట్లు ఎక్కలేక రెండేళ్ళయింది. మూల మీద ఆగి, చెప్పులు విడిచి, కొండ వైపు తిరిగి దండం పెట్టి, మళ్ళీ చెప్పులు తొడుక్కున్నాడు.

సొసైటీ గుమాస్తా జయరామన్ మర్యాదస్తుడు. అరవం మనిషే అయినా తెలుగు బాగా వచ్చు. ఆదిమూలం ఇచ్చిన నోట్లు లెక్కపెట్టుకుని, పాసుపుస్తకంలో రాసి, ముద్ర వేశాడు.

"మొత్తం కట్టేసి ఇంటి పత్రం తీసుకోవాలంటే ఎంతవుతుంది సార్?" అని అడిగాడు ఆదిమూలం.

జయరామన్ పెద్ద పుస్తకం తిప్పి, వేలు పెట్టి కిందికి దిగి, "తొమ్మిది వేల తొమ్మిది వందల అరవై రెండు," అన్నాడు.

ఆదిమూలం నవ్వాడు. ముప్ఫై ఒక్క ఏళ్ళుగా కౌంటరు దగ్గర నవ్విన నవ్వే అది.

"సెరి. ఇది మొదటి మాట. చివరి మాట చెప్పండి సార్."

"ఇదేమన్నా చీరా అయ్యా? ఉండే బాకీ అది."

"ఇరవై ఏండ్ల అప్పు. పన్నెండేండ్లు కట్టినాను. ఇంక ఎనిమిదేండ్లు. పదిహేను వేలల్లో ఎనిమిదేండ్ల పాలు ఆరు వేలు. దీనికి పెద్ద చదువు యాల?"

"అట్ల లెక్క రాదయ్యా..."

"వేరే వాళ్ళ పేజీ చూసినారేమో. ఇంకోసారి చూడండి. ఆదిమూలం, తండ్రి పేరు పొన్నుస్వామి."

జయరామన్ పుస్తకం ఇటు తిప్పి పెట్టాడు. పేరు అదే, తండ్రి పేరు అదే. వెనక నిలబడ్డవాళ్ళు కదులుతున్నారు. ఎవరో "నేరమాచ్చు సామీ" అని, ఆలస్యమవుతోందని విసుక్కున్నారు. ఆదిమూలం ముఖంలో నవ్వు పోలేదు కానీ చెవులు ఎర్రబడ్డాయి.

బయటికి వచ్చాక పాసుపుస్తకం కోడలి చేతికి ఇచ్చాడు.

"యాడనో తప్పు చేసినాడు. వాళ్ళు అరవంలో రాసుకుంటారు, నేను చదువుకునింది తెలుగు బళ్ళో. అప్పుడు ఈ ఊరు చిత్తూరు జిల్లా. నువ్వు ఆ తప్పు పట్టుకోమ్మా. నేను కొట్టుకు పోతా ఉండా. సాయంత్రం ఆరింటికి మొదలాళి మద్రాసు నుంచి సరుకు తీసుకుని వస్తాడు, వస్తానే చెప్పేస్తా."

"తప్పు దొరికినాక చెప్పొచ్చు కదా మామా?"

"నువ్వు పట్టుకుంటావులే," అని ఆయన స్టేషను వైపు నడిచాడు. నడక నెమ్మదిగా, ఎడమకాలు కొంచెం ఈడ్చుకుంటూ.

* * *

దేవసేన అన్నం తినకుండానే పాసుపుస్తకం ముందేసుకుని కూర్చుంది. తప్పు దొరుకుతుందనే ఆమె నమ్మకం. గుమాస్తా తప్పు పట్టి, రాత్రి మామగారు బకెట్టులో కాళ్ళు పెట్టినప్పుడు చెబితే ఆయన ముఖం ఎలా ఉంటుందో ఊహించుకుని ముందే మురిసిపోయింది.

తారీఖు పక్కన నాలుగు గళ్ళు. గళ్ళ పైన అరవ అక్షరాలు. బస్సు బోర్డుల పుణ్యమా అని నిదానంగా చదివింది. కట్టిన డబ్బు. అపరాధం, అంటే జరిమానా. వడ్డీ. అసలు. ఆదిమూలం పన్నెండేళ్ళూ మొదటి గడి ఒక్కటే చూసుకున్నాడు. అందులో ప్రతి వరుసలోనూ నూట ముప్ఫై అయిదే ఉంది.

మొదటి నెల వరుస చూసింది. వడ్డీ నూట పన్నెండున్నర. అసలు ఇరవై రెండున్నర.

పదిహేను వేలకు ఏడాదికి నూటికి తొమ్మిది చొప్పున నెల వడ్డీ లెక్కకట్టి చూసింది. నూట పన్నెండున్నరే. గుమాస్తా తప్పు కాదు. ఆ మొదటి నెల మామగారు కట్టిన డబ్బులో నూరు రూపాయలకు పైగా వడ్డీయే మింగేసింది. ఇరవై రెండున్నర మాత్రమే అప్పును తాకింది. రెండో నెల కూడా దాదాపు అంతే. అసలు తగ్గితే గాని వడ్డీ తగ్గదు, వడ్డీ తగ్గితే గాని అసలు తగ్గదు. పన్నెండేళ్ళు కట్టాక, ఈ రోజు రాసిన వరుసలో కూడా వడ్డీ డెబ్బై అయిదు.

కాలేజీలో ఈ లెక్క ఆమె చేసింది. పరీక్షలో పదికి పది మార్కులు వచ్చాయి. అప్పుడు అందులో కాళ్ళు నొప్పులు పుట్టే మనిషి లేడు.

వరదమ్మ కంచం పట్టుకుని వచ్చింది. "ఏం పాపా, దొరికిందా తప్పు?"

"చూస్తా ఉండానత్తా."

"తిని చూడు. తప్పు యాడికి పోతుంది?"

అపరాధం గడి దగ్గరికి వచ్చేసరికి దేవసేనకు ఇంకొకటి తెలిసింది. కొన్ని వరుసల్లో అది ఖాళీ. ఎక్కువ వరుసల్లో అయిదు. తారీఖులు చూసింది. అయిదున్న చోటల్లా పదో తేదీ దాటింది. పుస్తకం వెనక అట్ట మీద చిన్న అక్షరాల్లో ఉంది, కిస్తు పదో తేదీలోగా కట్టాలని. కృత్తిక పదో తేదీ కోసం ఆగదు. ఇరవై ఏడు రోజులకోసారి వచ్చే నక్షత్రం, ఒక నెల ఆరున వస్తే ఒక నెల ఇరవై ఆరున వస్తుంది. పైగా అయిదు రూపాయలు ఎవరూ విడిగా అడగలేదు. ఆయన ఇచ్చిన నూట ముప్ఫై అయిదులోనే ముందు అపరాధం పట్టుకుని, తర్వాత వడ్డీ పట్టుకుని, ఏం మిగిలితే అది అసలుకు జమ వేశారు. మొదటి ఏళ్ళలో అలా పదిహేడున్నర మిగిలిన నెలలు ఉన్నాయి.

తొంభై సార్లు అపరాధం. నాలుగు వందల యాభై రూపాయలు. ఆ మేరకు అసలు తగ్గక, దాని మీద పెరిగిన వడ్డీ ఇంకో మూడు వందలు. పదో తేదీ దాటి స్వామి నక్షత్రం కోసం ఆగిన ప్రతిసారీ ఆయన జరిమానా కట్టాడు. ఎవరూ ఆయన్ని మోసం చేయలేదు. ఆయనా ఎవర్నీ అడగలేదు.

కట్టింది పంతొమ్మిది వేల నాలుగు వందల నలభై. అప్పులో తగ్గింది అయిదు వేల ముప్ఫై ఎనిమిది. ఇకమీదటా ఇలాగే కడితే ఇంకా తొమ్మిదేళ్ళు. అంతా అయ్యేసరికి పదిహేను వేల ఇంటికి ముప్ఫై నాలుగు వేలు ఇచ్చి ఉంటారు. మామగారికి డెబ్బై వస్తాయి.

వరదమ్మ వచ్చి పక్కన కూర్చుని కోడలి ముఖం చూసింది. అంకెలు ఆమెకు తెలియవు. ముఖాలు తెలుసు.

"ఎక్కువే ఉండాదా పాపా?"

"ఎక్కువే ఉండాదత్తా."

వరదమ్మ లేచి, ఎండబెట్టిన మిరపకాయలు తిరగేయడానికి పోయింది.

దేవసేన గోడ గడియారం చూసింది. రెండున్నర. ఆరింటికి ఆయన మొదలాళితో చెప్పేస్తాడు. కొట్లో ఆ చోటు కోసం మొదలాళి బావమరిది కొడుకు ఎప్పటి నుంచో కాచుకుని ఉన్నాడు. చెప్పిన మాట వెనక్కి తీసుకోవడం ఉండదు.

* * *

తాలూకాఫీసు మెట్ల దగ్గరికి దామోదరాన్ని పిలిపించుకుని నాలుగు మాటల్లో చెప్పింది. అతను పాసుపుస్తకం అటూ ఇటూ తిప్పాడు.

"నాన్నతో చెప్పొద్దు సేనా. నేను పి.ఎఫ్.లో లోను పెడతా."

"అప్పు తీర్చను ఇంకొక అప్పా? దానికీ వడ్డీ నేనే లెక్కకట్టి చూపించేదా?"

"కాదులే," అన్నాడు అతను తల గోక్కుంటూ. "పన్నెండేండ్లు... నేను స్కూల్లో ఉన్నప్పుడు ఆ పుస్తకం అరుగు మీదే పడి ఉండేది. ఒక్కసారి తెరిచి చూడలేదు నేను. అరవం చదవను వచ్చిన వాణ్ణి నేనొకణ్ణే ఇంట్లో."

ఆ రోజు పై ఆఫీసరు తనిఖీ. ఆరు లోపల తిరువళ్ళూరు పోయి నాన్నను ఆపడానికి అతనికి వీలు లేదు. ఆఫీసు ముందే ఆమెను బస్సు ఎక్కించి, జేబులో ఉన్న అయిదు రూపాయల నోటు ఇచ్చి, కండక్టరుతో ఆడమనిషి పక్కన సీటు ఇప్పించమని చెప్పి, బస్సు కదిలేదాకా కిటికీ కింద నిలబడ్డాడు.

దేవసేన ఒంటరిగా బస్సు ఎక్కడం ఆ ఊరొచ్చాక అదే మొదలు. ఇంకో రోజైతే ఆ గంటన్నరా పండగలా ఉండేది. కనకమ్మసత్రం దగ్గర జామకాయల బుట్టలు ఎక్కాయి. పక్కన కూర్చున్న ఆమె ఒకటి కొని సగం విరిచి ఈమెకు ఇచ్చింది. ఉప్పూ కారం అద్దిన జామకాయ. దేవసేన తిన్నంతసేపూ సంతోషించింది, తినడం అయ్యాక మళ్ళీ లెక్క వేసుకుంది. ఇలాంటి చిన్న సంతోషాలు దేవసేన రోజూ ఏరుకుంటుంది. ఈ దారినే పోయే బండిలో ముప్ఫై ఒక్క ఏళ్ళు తిరిగిన మనిషి ఏం ఏరుకున్నాడో ఆమెకు తెలియదు.

కొట్టు ముందుకు చేరేసరికి అయిదు దాటింది. లోపలికి పోకుండా గుమ్మం పక్కన ఒక్క నిమిషం ఆగింది. మామగారిని పనిలో ఆమె ఎప్పుడూ చూడలేదు. ఇంట్లో మాటకు వెతుక్కునే మనిషి ఇక్కడ గలగల మాట్లాడుతున్నాడు. వెంగల్ నుంచి పెళ్ళి బట్టలకు వచ్చిన గుంపు స్టూళ్ళ నిండా కూర్చుంది.

"అక్కా, ఈ రంగు మీ పాపకు కాదు, నీకు బాగుంటుంది. పాప పెండ్లిలో నిన్నే చూస్తారు, నాకేం!" అంటున్నాడు ఆదిమూలం. ఆ గుంపు పకపకా నవ్వింది. ఆయన మీటరు బద్ద పక్కన పెట్టి, పై అర నుంచి ఇంకో కట్ట అందుకున్నాడు. అందుకోవడానికి మునివేళ్ళ మీద లేచినప్పుడు రెండో చెయ్యి కౌంటరును గట్టిగా పట్టుకుంది. స్టూళ్ళ మీది వాళ్ళకు ఆ చెయ్యి కనపడదు. గుమ్మంలోంచి చూస్తున్న దేవసేనకు కనపడింది.

కోడల్ని చూడగానే ఆయన ముఖం మారింది. "ఏమ్మా? ఇంట్లో అందరూ..."

"అందరూ బాగుండారు మామా. లెక్క చూసినాను."

పక్క కౌంటరు ధనకోటితో రెండు నిమిషాలు చూసుకోమని చెప్పి ఆయన బయటికి వచ్చాడు. పక్కన టీకొట్టు. బల్ల మీద కూర్చున్నారు. రెండు టీలు వచ్చాయి.

"దొరికిందా?"

"గుమాస్తా తప్పు లేదు మామా."

ఆదిమూలం టీ తాగలేదు. దేవసేన పాసుపుస్తకం తెరిచి, మొదటి వరుస మీద వేలు పెట్టి, ఒక్కొక్క గడీ చదివి చెప్పింది. ఏ మాటా దాచలేదు. అపరాధం గడి దగ్గర మాత్రం గొంతు తగ్గించింది.

"అంటే కృత్తిక నాడు కట్టిందానికి..."

"కృత్తికకు కాదు మామా. పదో తేదీ దాటిందానికి."

"రెండూ ఒకటే కదమ్మా నాకు."

వీధిలో ఎడ్లబండి ఒకటి పోయింది. ఆయన వంగి రెండు చేతులతో పిక్కలు ఒత్తుకున్నాడు.

"తొమ్మిదేండ్లా?"

"అట్లనే కడితే తొమ్మిది. కానీ వేరే దారి ఉండాది," అని దేవసేన చకచకా చెప్పింది. బస్సులో వేసుకున్న లెక్క అది. "నువ్వు దీపావళికి మానేయి. మొదలాళి ఇచ్చే ఆరు వేలూ ఒకేసారి అసలుకు కట్టేస్తే, మిగిలిన దానికి బావ నెలకు నూట ముప్ఫై అయిదు కడతాడు. మూడేండ్లు కూడా పట్టదు."

"వద్దు."

"మామా, మేము ఆ ఇంట్లోనే కదా ఉండేది? అద్దె ఇస్తా ఉండామా?"

"ఇస్తావా ఏం?" అన్నాడు ఆయన. నవ్వు వచ్చి, సగంలో పోయింది. "వాడి జీతంలో బిడ్డలూ పాపలూ ఉండారు తల్లీ, ఇంకా రాలేదంతే. సంతకం పెట్టింది నేను. అరవంలో ఏం రాసిండారో చదివించుకోకుండా తెలుగులో పెట్టినా చూడు, అదీ నేనే. పత్రం చేతికి వచ్చినాకే కూచుంటా. మొదలాళి ఇచ్చే ఆరు వేలతో తీరిపోవాల. దానికి ఎన్ని రోజులు?"

ఆ లెక్క కూడా ఆమె దగ్గర ఉంది. అడగకూడదని కోరుకున్న లెక్క.

"అప్పు ఆరు వేలకు దిగేదానికి, నువ్వు ఒక్కడివే కడితే నాలుగున్నరేండ్లు. పదో తేదీలోపల కడితేనే."

"నాలుగున్నర." ఆయన ఆ మాటను నోట్లో తిప్పాడు. అరవై అయిదు దాటుతుంది.

"మన వీధి పిల్లలు నలుగురు లెక్కలు చెప్పమంటా ఉండారు. నెలకు తలా పదిహేను. ఆ అరవై కలిపితే రెండున్నరేండ్లు. నువ్వు ఒప్పుకోకపోతే నేను చెప్పకుండా కట్టేస్తా. సొసైటీకి పోయి కట్టేది ఇంక నేనే కదా, నీకు నెలకోసారి సెలవు ఎందుకు?"

"కోడలు సంపాదించి కట్టిందని..."

"ఎవురు అంటారు? కుప్పమ్మ అంటుందా? అననీ. రెండేండ్లు తక్కువ నిలబడతావు మామా. ఆ రెండేండ్లు నాకియ్యి."

ఆదిమూలం ఆమె వైపు చూడలేదు. చల్లారిన టీ ఒక్క గుక్కలో తాగి, గ్లాసు బల్ల మీద బోర్లించాడు.

"పదో తేదీ అంటే తొమ్మిదికే కట్టు," అన్నాడు. "స్వామికి నేను చెప్పుకుంటా."

ఆయన లేచేసరికి కొట్టు ముందు వ్యాను ఆగింది. శివరామయ్య దిగి, చెమట తుడుచుకుంటూ, "ఏం ఆదిమూలం, ఏదో మాట్లాడాలని నిన్న అన్నావే?" అని అడిగాడు.

దేవసేన పాసుపుస్తకం కొంగు కింద దాచుకుంది.

"ఏం లేదయ్యా. దీపావళి సరుకు మేడ మీద పెట్టేదా, కింద పెట్టేదా అని."

"కిందే పెట్టించు. ఈమె ఎవరు?"

"మా కోడలు. బి.ఎస్సీ.," అన్నాడు ఆదిమూలం. వెంటనే లోపలికి పోయి, కౌంటరు పలక ఎత్తి, వెనక తన చోటులో నిలబడ్డాడు. వెంగల్ గుంపు ఇంకా తేల్చుకోలేదు. ఆయన మళ్ళీ అదే నవ్వు నవ్వి, విప్పిన చీర కొంగు భుజం మీద వేసుకుని చూపించాడు.

శివరామయ్య దేవసేనకు స్టూలు వేయించాడు. ఆమె కాసేపు కూర్చుంది. కౌంటరు వెనక ఆయన ఎంతసేపు నిలబడతాడో చూస్తూ కూర్చోలేక, లేచి గుమ్మంలోకి పోయి నిలబడింది.

ఆ రోజు మొదలాళి ఆయన్ని అరగంట ముందు వదిలాడు. తిరుపతి పాసింజరు కిటకిటలాడుతూ వచ్చింది. తోసుకుని ఎక్కితే, కిటికీ పక్కన మూట దించుకుని ఎవరో లేచారు. ఒక్క చోటు ఖాళీ అయింది. ఆదిమూలం కోడలి వైపు చూశాడు.

"నువ్వు కూచో మామా."

ఆయన కూర్చున్నాడు. వద్దనలేదు, పక్కవాళ్ళను జరగమనలేదు. బండి కదిలింది. దేవసేన పైకమ్మీ పట్టుకుని నిలబడి, నలుగురు పిల్లలకు ఏ వేళ పాఠం చెప్పాలో ఆలోచించుకుంది. దామోదరం ఇంటికొచ్చే వేళకు పాఠం ఉండకూడదు. కానీ బడి పిల్లలు వచ్చేది కూడా ఆ వేళకే. బస్టాండు దాకా నడకా, అరవ అక్షరాలూ ఆదివారానికి మార్చుకోవాలి.

తిరువాలంగాడు రాకముందే ఆదిమూలం నిద్రపోయాడు. బండి ఊగినప్పుడల్లా ఆయన తల కిటికీ చువ్వకు తగులుతోంది. దేవసేన ఒక చేత్తో పైకమ్మీ పట్టుకుని, రెండో చెయ్యి చువ్వకూ ఆయన తలకూ మధ్య అడ్డం పెట్టింది. అరక్కోణంలో చాలామంది దిగారు, ఎదురుగా చోటు దొరికింది. ఆమె పోయి కూర్చోలేదు.